పిలిచినప్పుడు లేనని కేసు కొట్టేశారు, ఇక నాకు దారేది?

ఈ వారం ఉత్తరం పలాస దగ్గరి ఒక ఊరి నుంచి వచ్చింది. నోటు పుస్తకంలోంచి చింపిన ఆరు కాగితాలు, రెండు వైపులా రాసినవి. పేరు వేయొద్దన్నారు. మనుషులను గుర్తుపట్టే వివరాలు తీసేసి, మిగతాది క్లుప్తంగా చెబుతాను.

ఆమెకు 31 ఏళ్లు. పెళ్లయి తొమ్మిదేళ్లు, ఏడేళ్ల పాప. నాలుగేళ్లుగా పాపతో కన్నవారింట్లోనే ఉంటున్నారు. జీడి ఫ్యాక్టరీలో పప్పు పొట్టు తీసే పని. తండ్రి లేరు. తల్లికి ఉద్దానంలో చాలా ఇళ్లలో ఉన్న జబ్బే, కిడ్నీలు పాడయ్యాయి, వారానికి రెండుసార్లు డయాలసిస్. అన్నయ్య లారీ డ్రైవరు, నెలలో సగం రోజులు రోడ్డు మీదే. భర్త విజయనగరంలో ఉద్యోగం చేస్తున్నారు, పైసా పంపడం లేదు.

2023 ఆగస్టులో తనకు నెలకు 6,000, పాపకు 3,000 భరణం ఇప్పించమని శ్రీకాకుళంలో ఫ్యామిలీ కోర్టులో కేసు వేశారు. రెండేళ్లకు పైగా వాయిదాలు. సెప్టెంబరు వాయిదాకు తల్లిని ఆసుపత్రిలో చేర్చాల్సి వచ్చి వెళ్లలేదు. అక్టోబరులో "ఉత్త వాయిదాయే, రానక్కర్లేదు" అని లాయర్ గారి గుమాస్తా ఫోన్ చేస్తే వెళ్లలేదు. డిసెంబరు 9న వెళ్లారు. బస్సు ఆలస్యమై కోర్టుకు చేరేసరికి పదకొండు దాటింది. మధ్యాహ్నం రెండింటి దాకా చెట్టు కింద కూర్చున్నారు. "నా పేరు పిలవనే లేదు మేడమ్, చెవులు రిక్కించుకునే ఉన్నాను" అని రాశారు. చివరికి గుమాస్తా కనిపించి వాయిదా పడిందనీ, ఫోన్ చేస్తామనీ చెప్పి పంపేశారు. ఫోన్ రాలేదు. ఫిబ్రవరి 2న అన్నయ్య లారీ దిగి వచ్చి, ఆయనే లాయర్ ఆఫీసుకు వెళ్లి అడిగితే, కేసు డిసెంబరు 9నే డిఫాల్ట్‌లో కొట్టేశారని తేలింది.

ఇంట్లో గొడవ. "నీ అశ్రద్ధ వల్లే పోయింది" అని అన్నయ్య. "నా రోగం వల్లే" అని తల్లి ఏడుపు. ఈ సంగతి అత్తవారి చెవిన ఎలా పడిందో, వారం తిరక్కుండా పెద్దమనుషులు వచ్చారు. కోర్టులోనే ఓడిపోయావు, లక్షన్నర ఇప్పిస్తాం, ఇకపై నాకూ పాపకూ ఏ హక్కూ లేదని స్టాంపు పేపరు మీద సంతకం పెట్టమంటున్నారు. ఇది చాలదన్నట్టు, జనవరిలో విజయనగరం కోర్టు నుంచి భర్త వేసిన విడాకుల కేసు నోటీసు వచ్చింది. అందులో వాయిదా మార్చి 12. దాన్ని ఆమె ట్రంకు పెట్టెలో పెట్టి ఎవరికీ చెప్పలేదు. ఉత్తరం ఆఖరి పేరా ఇది: "జడ్జి గారు నాదే తప్పని తేల్చేశారా? నాకేటీ అర్థం కావట్లేదు. మళ్లీ కోర్టుకెళ్లడానికి మొహం చెల్లట్లేదు. సంతకం పెట్టేయమంటారా?"

అమ్మా,

మీ ఆఖరి ప్రశ్న సంతకం గురించి. నేను మాత్రం పెట్టెలో ఉన్న నోటీసుతో మొదలుపెడతాను, ఎందుకంటే మీకు నిజంగా ప్రమాదం ఉన్నది అక్కడ. కానీ దానికి ముందు మీ మనసులో ఉన్న ముల్లు ఒకటి తీయాలి.

జడ్జి గారు మీది తప్పని తేల్చలేదు. మీ వారిది ఒప్పనీ తేల్చలేదు. అసలు ఏదీ తేల్చలేదు. మీ సాక్ష్యం విననేలేదు, ఆయన జీతం కాగితం చూడనేలేదు. కేసు పిలిచినప్పుడు పిటిషనర్ లేరు, లాయర్ లేరు, అందుకని కొట్టేశారు. ఆ రోజు డాకెట్ మీద, అంటే వాయిదా రోజు ఏం జరిగిందో కోర్టు రాసుకునే కాగితం మీద, రాసేది రెండు మూడు లైన్లే ఉంటుంది: పిలిచాం, పిటిషనర్ హాజరు కాలేదు, ప్రాతినిధ్యం లేదు, డిఫాల్ట్ కింద డిస్మిస్ చేశాం. కోర్టులో ఓడిపోవడం అంటే అది కాదు. పెద్దమనుషులు మీతో "ఓడిపోయావు" అన్నారే, ఆ మాట తెలియక అన్నారో, తెలిసే అన్నారో నేను చెప్పలేను. బేరానికి మాత్రం బాగా పనికొచ్చే మాట.

ఇప్పుడు నోటీసు. మీ ఉత్తరంలో రెండు కేసులూ ఒకదానిలో ఒకటి కలిసిపోయాయి. విడదీసి చూడండి. భరణం కేసు మీరు వేసింది. అందులో మీరు రాకపోతే మీ కేసు ఆగిపోతుంది, అంతే. దాన్ని మళ్లీ లేపుకోవచ్చు, లేదా కొత్తది వేసుకోవచ్చు. విడాకుల కేసు ఆయన వేసింది. అందులో మీరు రాకపోతే కేసు ఆగదు. మీరు లేకుండానే నడుస్తుంది. మిమ్మల్ని ఎక్స్ పార్టీ చేసి, ఆయన చెప్పిందే విని, విడాకుల డిక్రీ ఇచ్చేయవచ్చు. దాన్ని తీయించుకోవాలంటే మళ్లీ 30 రోజుల గడువు, మళ్లీ కారణాలు చెప్పుకోవడం. ఈలోగా ఆయన ఇంకో పెళ్లి చేసుకుంటే ముడి ఇంకా బిగుస్తుంది. మొహం చెల్లక భరణం కోర్టుకు వెళ్లకపోతే డబ్బు ఆలస్యమవుతుంది. మొహం చెల్లక విజయనగరం కూడా వెళ్లకపోతే, మిమ్మల్ని అడక్కుండానే మీ పెళ్లి సంగతి తేలిపోతుంది. అందుకని మార్చి 12న మీరైనా, మీ తరఫున వకాలత్ వేసిన లాయరైనా అక్కడ ఉండాలి. విడాకులు కావాలా వద్దా అన్నది తర్వాతి మాట. కావాలనుకున్నా సరే, ఆ రోజు ఉండాలి.

ఆ కేసుకు వెళ్లడం వల్ల మీకు ఒక లాభం కూడా ఉంది. మీరు అనుకుంటున్నట్టు అది ఆయన ఆయుధం మాత్రమే కాదు. హిందూ వివాహ చట్టం 24వ సెక్షన్ కింద, ఆయన వేసిన ఆ విడాకుల కేసులోనే మీరు మధ్యంతర భరణమూ (కేసు తేలేదాకా ఇచ్చేది), కోర్టు ఖర్చులూ అడగవచ్చు. నోటీసు అందిన 60 రోజుల్లో, వీలైనంతవరకు, ఆ పిటిషన్ తేల్చాలని చట్టమే అంటోంది. వీలైనంతవరకు అన్న మాటలోకి మన కోర్టుల్లో ఎంత కాలమైనా పడుతుంది, నిజమే. అయినా అడగందే మొదలే కాదు. శ్రీకాకుళం కేసు కొట్టేశారు కాబట్టి భరణం తలుపులన్నీ మూసుకుపోయాయని అనుకున్నారు మీరు. ఆయన తీసిన తలుపే ఒకటి తెరిచి ఉంది.

విజయనగరం దూరం, తల్లిని వదిలి ప్రతి వాయిదాకూ వెళ్లలేరు. ఆ కేసును శ్రీకాకుళానికి బదిలీ చేయమని హైకోర్టును కోరవచ్చు, సివిల్ ప్రొసీజర్ కోడ్ 24వ సెక్షన్ కింద. ఒక జిల్లా నుంచి ఇంకో జిల్లాకు కాబట్టి హైకోర్టుకే వెళ్లాలి. చిన్న పాప, డయాలసిస్ మీద ఉన్న తల్లి, సొంత సంపాదన అంతంత మాత్రం. భార్య ఇబ్బందిని ఇలాంటి పిటిషన్లలో కోర్టులు సాధారణంగా పట్టించుకుంటాయి. కానీ బదిలీ పిటిషన్ వేశాం కదా అని విజయనగరం వెళ్లడం మానేయకండి. స్టే వచ్చేదాకా అక్కడి వాయిదాలు నడుస్తూనే ఉంటాయి. చాలామంది జారిపడేది ఇక్కడే.

ఇక కొట్టేసిన కేసు. మీ ముందు రెండు దారులున్నాయి: పాతదాన్ని మళ్లీ నంబరు మీదికి తెప్పించుకోవడం, లేదా కొత్తది వేయడం.

మామూలు సివిల్ కేసుల్లో అయితే 9వ ఆర్డరు అని ఒకటుంది. ఎదుటివాళ్లు వచ్చి, మీరు రాక కేసు కొట్టేస్తే, అదే కారణం మీద మళ్లీ కొత్త కేసు వేయడానికి వీల్లేదు, పాతదాన్నే 30 రోజుల్లోపు తగిన కారణం చూపి పునరుద్ధరించుకోవాలి. మీకు ఎవరైనా "ముప్పై రోజులు దాటితే ఇక అంతే" అని చెప్పి ఉంటే, అది ఇదే అయ్యుంటుంది. భరణం కేసు కాస్త వేరు. ఫ్యామిలీ కోర్టుల చట్టం 10వ సెక్షన్ భరణం పిటిషన్లను సివిల్ ప్రొసీజర్ నుంచి విడిగా ఉంచి, క్రిమినల్ ప్రొసీజర్ కిందే నడవాలంటుంది. ఆ కోడ్‌లోనేమో భార్య రాకపోతే ఏం చేయాలో ఎక్కడా రాయలేదు. ఎక్స్ పార్టీ అయిన భర్తకు మాత్రం ఆర్డరు తీయించుకోవడానికి మూడు నెలల గడువు రాసి పెట్టారు! ఈ ఖాళీని కోర్టులు తమ తీర్పులతో పూడ్చుకుంటూ వచ్చాయి. భరణం కేసులు సగం సివిల్ స్వభావం ఉన్నవనీ, తిండి గింజల కోసం వేసిన కేసును సాంకేతిక కారణాలతో చంపకూడదనీ చెబుతూ తగిన కారణం ఉంటే పునరుద్ధరిస్తున్నాయి. భరణం ప్రతి నెలా పుట్టే హక్కు కాబట్టి, కొత్త పిటిషన్ వేయడానికీ అడ్డు లేదు.

అయితే ఏది మేలు? కొత్తదే సులువు. లాయర్లలో చాలామంది అదే చెబుతారు, పని తక్కువ కాబట్టి. ఆలస్యం గురించి సంజాయిషీ ఉండదు, పాత డాకెట్ గొడవ ఉండదు. కానీ కొత్తదానిలో మీరు పోగొట్టుకునేది ఒకటుంది, అది తేదీ.

రజనేష్ వర్సెస్ నేహా కేసులో సుప్రీంకోర్టు 2020 నవంబరు 4న ఒక సంగతి గట్టిగా చెప్పింది: భరణం పిటిషన్ వేసిన తేదీ నుంచే ఇప్పించాలి, తీర్పు వచ్చిన తేదీ నుంచి కాదు. మీ పిటిషన్ 2023 ఆగస్టుది. కొట్టేసేనాటికి 28 నెలలు. మీకూ పాపకూ కలిపి ఎంత వేస్తారో ఎవరూ ముందే చెప్పలేరు, లెక్క కోసం నెలకు 5,000 అనుకుందాం. 28 నెలలకు 1,40,000. పాత కేసు బతికితే ఈ బకాయి బతుకుతుంది. కొత్తది వేస్తే మీ లెక్క కొత్త తేదీ నుంచి మొదలవుతుంది, ఆ 28 నెలలూ గాలికి పోతాయి. ఇప్పుడు పెద్దమనుషుల లక్షన్నరను ఈ లెక్క పక్కన పెట్టి చూడండి. దాదాపు పాత బాకీ అంత ఇచ్చి, మీ మిగతా జీవితాన్నీ పాప చదువునూ పెళ్లినీ కలిపి కొనేస్తామంటున్నారు.

కాబట్టి నాకు తోచేది, ముందు పాతదాన్ని లేపే ప్రయత్నం చేయడం. ముప్పై రోజుల గడువు మీ కేసుకు వర్తించదని వాదించవచ్చు, కానీ వాదన మీద ఆధారపడకుండా, ఆలస్యాన్ని మన్నించమని ఒక పిటిషన్ కూడా దాంతో పాటే వేయించండి. లిమిటేషన్ చట్టం 5వ సెక్షన్ అందుకే ఉంది. మీకు డిసెంబరు 9న కాదు, ఫిబ్రవరి 2న తెలిసింది. తెలిసిన రోజు నుంచి మీరెన్ని రోజులు ఊరుకున్నారన్నదే అక్కడ అడుగుతారు. అందుకని ఈ ఉత్తరానికి జవాబు కోసం ఎదురుచూసిన రోజులు చాలు, ఇంకో వారం పోనివ్వకండి. అది నెగ్గకపోతే, కొత్తది వేసుకునే దారి ఎలాగూ ఉంటుంది. కొత్తది 2024 జులై 1 నుంచి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 144వ సెక్షన్ కింద పడుతుంది. పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ 125వ సెక్షనే అది, నంబరు మారింది. అందులో పాత కేసు సంగతి దాచకండి. ఆస్తులు, ఆదాయాల అఫిడవిట్‌తో పాటు ఇంతకుముందు నడిచిన కేసుల వివరాలు కూడా ఇవ్వాలని అదే 2020 తీర్పు అంటోంది.

పునరుద్ధరణకు మీ దగ్గర కారణాలున్నాయి, వాటికి కాగితాలు కావాలి. సెప్టెంబరులో తల్లిని చేర్చిన ఆసుపత్రి డిశ్చార్జి కాగితం. డయాలసిస్ తేదీలున్న పుస్తకం. అక్టోబరులో గుమాస్తా చేసిన ఫోన్, మీ ఫోన్ కాల్ లిస్టులో ఉందేమో చూడండి, స్క్రీన్‌షాట్ తీసి పెట్టుకోండి. డిసెంబరు 9న మీరు వచ్చారనడానికి బస్సు టికెట్టు. ఆడవాళ్లకు ఉచిత బస్సే కదా అని మనం ఆ సున్నా టికెట్టును దిగగానే పారేస్తాం. తేదీ, టైమూ ఉండే కాగితం అది. దొరికితే వెంటనే ఫొటో తీయండి, మిషన్ టికెట్ల మీద అక్షరాలు కొన్నాళ్లకే ఎగిరిపోతాయి. దొరక్కపోతే కంగారు పడకండి, అఫిడవిట్‌లో జరిగింది జరిగినట్టు చెప్పండి.

జరిగింది జరిగినట్టు అంటే తప్పంతా లాయర్ మీద తోసేయమని కాదు. లాయర్ పొరపాటుకు అమాయకుడైన కక్షిదారు నష్టపోకూడదని సుప్రీంకోర్టు 1981లోనే రఫీక్ కేసులో చెప్పింది, అది మీకు పనికొస్తుంది. కానీ "అంతా లాయరే చేశారు" అని ఒక్క ముక్క రాసి ఊరుకుంటే, మరి కేసు మీది, మీరేం చేశారని జడ్జి గారు అడుగుతారు. మీరు చేసింది ఉంది: డిసెంబరులో వచ్చారు, కూర్చున్నారు, అడిగారు, వాయిదా పడిందన్న జవాబు నమ్మారు. అది రాయండి. పాప రెండో పిటిషనర్‌గా ఉంటుంది చూడండి, తల్లి ద్వారా వేసిన మైనర్. తల్లి రాకపోతే పాప అన్నం ఎందుకు ఆగాలన్నది మీ లాయర్ చెప్పగలిగిన గట్టి మాట.

దీనికి సమయం పడుతుంది, చెప్పకుండా ఉండలేను. మీ వారికి నోటీసు వెళ్తుంది, ఆయన కౌంటర్ వేస్తారు, వాదనలు, నాలుగైదు వాయిదాలు. ఖర్చుల కింద కొంత కట్టమని కూడా అనవచ్చు. అందుకే విజయనగరంలో మధ్యంతర భరణం పిటిషన్ ఈలోగా నడవాలి. రెండుచోట్లా డబ్బు వచ్చినా ఒకదానిలో ఇచ్చింది ఇంకోదానిలో సర్దుతారు, రెండింతలు రాదు. ఎక్కడ ముందు తేలితే అక్కడ పొయ్యి వెలుగుతుంది.

లాయర్‌ని మార్చాలా అని మీరు అడగలేదు, కానీ ఉత్తరంలో మూడుచోట్ల ఆయన మీద కోపం కనిపించింది. మీరు ఆయన్ని రెండేళ్లలో రెండుసార్లే కలిశానన్నారు, మిగతాదంతా గుమాస్తాతోనే. ఒకసారి నేరుగా కూర్చుని మాట్లాడండి. ఆయనే పునరుద్ధరణ పిటిషన్ వేస్తానంటే, ఆ రోజు తానెందుకు రాలేకపోయారో ఆయన తరఫున ఒక అఫిడవిట్ ఇస్తారేమో అడగండి. ఇస్తే మీ పని సగం తేలిక. ఇవ్వనంటే మార్చుకోండి. ఫీజు బాకీ ఉందని ఫైలు పట్టుకుని కూర్చోవడానికి లాయర్‌కు హక్కు లేదని సుప్రీంకోర్టు 2000లో తేల్చింది. ఈ సంగతి ఆయనకు తెలుసు, మీకూ తెలుసని ఆయనకు తెలిస్తే చాలు.

డబ్బు లేదన్నారు. జిల్లా కోర్టు ఆవరణలో న్యాయ సేవాధికార సంస్థ ఆఫీసు ఉంటుంది. ఆడవాళ్లకు, పిల్లలకు ఆదాయం ఎంతని అడక్కుండా ఉచితంగా లాయర్‌ని ఇవ్వాలి, 1987 చట్టం 12వ సెక్షన్ అది. తెల్ల కార్డు చూపించమంటారేమో అని భయపడకండి, ఆడమనిషి కావడమే చాలు. శ్రీకాకుళం దాకా వెళ్లలేకపోతే దగ్గర్లోని కోర్టులో మండల న్యాయ సేవా కమిటీ ఉంటుంది, లేదా 15100కి ఫోన్ చేయండి. ఉచితం అంటే నాసిరకం అనుకోనక్కర్లేదు, గొప్పదీ అనుకోనక్కర్లేదు. లాయర్ల సంగతి డబ్బిచ్చినా అంతే కదా. ఎవరిని పెట్టుకున్నా, ఒక ప్రశ్న అడగండి: కొత్తగా వేయాల్సి వస్తే, శ్రీకాకుళంలోనే వేయాలా? ఫ్యామిలీ కోర్టు పరిధి మీ మండలం దాకా లేకపోతే, దగ్గర్లోని మేజిస్ట్రేటు కోర్టులోనే భరణం కేసు వేయవచ్చు. పలాస నుంచి శ్రీకాకుళం పోను రాను ఒక కూలి రోజు మొత్తం మింగేస్తుంది. మీ కేసు కొట్టేయడానికి అసలు కారణం ఆ దూరమే అని నాకు అనిపిస్తోంది.

ఇక సంతకం. రాజీ చెడ్డదని నేననను. నాలుగేళ్లు విడిగా ఉన్నారు, ఆ ఇంటికి మళ్లీ వెళ్లాలని ఉత్తరంలో ఒక్క మాట కూడా లేదు. మీకూ విడిపోవాలనే ఉంటే, రాజీ మంచిదే కావచ్చు. కానీ రచ్చబండ దగ్గర స్టాంపు పేపరు మీద కాదు. ఆ కాగితంతో మీకు చట్టప్రకారం విడాకులు రావు. ఆయన మాత్రం దాన్ని ప్రతి కోర్టులో చూపిస్తారు. భరణం హక్కు వదులుకున్నానని రాసిచ్చినా అది చెల్లదని హైకోర్టులు చెప్పిన తీర్పులున్నాయి, పాప హక్కునైతే తల్లి వదిలేయడానికి లేనే లేదు. అయినా ఆ కాగితం చెల్లదని నిరూపించుకోవడానికి మళ్లీ ఎన్ని వాయిదాలు? రాజీ అయితే కోర్టులోనే కానివ్వండి. పరస్పర అంగీకార విడాకుల పిటిషన్‌లో షరతులు రాయించుకోండి, లేదా లోక్ అదాలత్‌లో పెట్టించండి. లోక్ అదాలత్ అవార్డు మీద అప్పీలు ఉండదు, కాబట్టి సంతకానికి ముందు రెండుసార్లు చదివించుకోండి. పాప పేరున వేరే మొత్తం, బ్యాంకులో, ఆమె పెద్దయ్యేదాకా ముట్టకుండా. చేతికి సగం ఇచ్చి మిగతాది తర్వాత అంటే ఒప్పుకోవద్దు. పెద్దమనుషులకు కోపం రాకుండా చెప్పాలంటే ఒక్క మాట చాలు: "కోర్టులో ఉన్న విషయం బాబూ, కోర్టులోనే రాసుకుందాం, మీరూ రండి." వస్తారో లేదో చూడండి, దాన్నిబట్టి వాళ్ల మనసు తెలుస్తుంది.

ఏమీ చేయకుండా వదిలేయడం కూడా ఒక దారే, అలసిపోయినవాళ్లకు అది తప్పని నేను అనలేను. అలా అనుకుంటే భరణం కేసు వదిలేయండి, తర్వాతెప్పుడైనా ఓపిక వస్తే కొత్తది వేసుకోవచ్చు, మళ్లీ పెళ్లి చేసుకోనంతవరకు విడాకులయ్యాక కూడా భరణం అడగవచ్చు. కానీ విజయనగరం కేసును మాత్రం వదలకండి. ఈ రెండూ మీ చేతిలో విడివిడిగా ఉన్నాయి.

అన్నయ్యతో నోటీసు సంగతి చెప్పండి. ఆయన కోపం మీ మీద కంటే తాను ఊళ్లో లేకపోయినందుకు ఎక్కువ ఉన్నట్టుంది, లారీ దిగీ దిగగానే లాయర్ ఆఫీసుకు పరుగెత్తిన మనిషి కదా. అమ్మకు మాత్రం కేసు పోలేదని ఈ రోజే చెప్పండి. ఆమె డయాలసిస్ మంచం మీద పడుకుని ఇదే ఆలోచిస్తుంటారు.

ఇక పని ఎక్కడ మొదలుపెట్టాలంటే, డిసెంబరు 9 నాటి డాకెట్ ఆర్డరు సర్టిఫైడ్ కాపీ కోసం దరఖాస్తు పెట్టడం దగ్గర. పునరుద్ధరణ పిటిషన్‌కు అదే ఆధారం. కేసు కాగితాల మీద సీఎన్ఆర్ నంబరు అని పదహారు అక్షరాలూ అంకెలూ ఉంటాయి. అన్నయ్య ఫోన్లో ఈ-కోర్ట్స్ యాప్ వేయించి అది కొట్టమనండి. తర్వాతి వాయిదా ఎప్పుడో, ఏం జరిగిందో అందులో కనిపిస్తుంది, గుమాస్తా ఫోన్ కోసం కాచుకోనక్కర్లేదు. ఆ యాప్ మీ దగ్గర ఉండి ఉంటే డిసెంబరులోనే తెలిసేది.

ఇంకొకటి. చెట్టు కింద కూర్చుని చెవులు రిక్కించినా మీ పేరు పిలవలేదన్నారు, అది చదివినప్పటి నుంచి నాకు ఒక అనుమానం. ఉత్తరం అడుగున మీరు సంతకం చేసింది కన్నవారి ఇంటిపేరుతో. పిటిషన్ మీద మాత్రం భర్త ఇంటిపేరే వేసి ఉంటారు, ఎక్కువగా అలాగే రాస్తారు. గుమ్మంలో నిలబడి అటెండరు పిలిచేది కాగితం మీద ఉన్న పేరును, ఇంటిపేరు ముందు, గబగబా, మూడుసార్లు. నాలుగేళ్లుగా మిమ్మల్ని ఎవరూ ఆ ఇంటిపేరుతో పిలిచి ఉండరు. కాపీ చేతికి రాగానే మొదటి పేజీలో మీ పేరు ఎలా ఉందో చూసుకోండి. వాయిదా రోజు పదిన్నరకు కాల్ వర్క్, అంటే కేసులు పిలవడం, మొదలయ్యేలోపు చెట్టు కింద కాదు, కోర్టు హాలు గుమ్మం పక్కనే నిలబడి, ఆ పేరు కోసం వినండి.